సీసాలో రాతిపువ్వు: కోనసీమలో అయిదు రోజులు

మొదటి రోజు, రాజమండ్రి

"రాతిపువ్వు ఉందాండీ?" అంటే కొట్టతను "బిర్యానీకా, మసాలా పొడికా?" అని అడిగాడు. అమ్మోనియాలో ఊరబెట్టడానికి అని చెప్పే ధైర్యం లేక బిర్యానీకే అన్నాను. వంద గ్రాములు పొట్లం కట్టి ఇచ్చాడు. డిసెంబరు నెల, పెళ్లిళ్లు లేవు కాబట్టి సరుకు కాస్త పాతదే. నా పనికి పాతదైనా పరవాలేదు.

నేను విశాఖలో ఇంటర్ పిల్లలకి కెమిస్ట్రీ చెప్తాను. లిట్మస్ కాగితం ఎరుపైతే ఆమ్లం, నీలమైతే క్షారం అని ఇరవై ఏళ్లుగా చెప్తున్నాను. మొన్న ఒక అమ్మాయి "ఆ రంగు దేన్నుంచి తీస్తారు మేడమ్?" అంది. లైకెన్ నుంచి, అంటే రాతిపువ్వు లాంటివాటి నుంచి అన్నాను. "మీరు చూశారా?" అంది. చూడలేదు. సెలవు పెట్టి బయల్దేరడానికి అసలు కారణం అదే. మా పిన్నిని చూడాలన్నది ఇంట్లో చెప్పిన కారణం.

లిట్మస్ రంగు ఇచ్చే ప్రసిద్ధ లైకెన్ల జాతి పేరు రోసెల్లా. మన సముద్ర తీరాల్లో దొరికేది రోసెల్లా మాంటాగ్నీ. దీంతో మా ఆంధ్ర విశ్వవిద్యాలయానికి పాత చుట్టరికం ఉంది. టి.ఆర్. శేషాద్రి గారు వాల్తేరులో కెమిస్ట్రీ ప్రొఫెసర్‌గా ఉన్న రోజుల్లో, 1940లో, భారతీయ లైకెన్ల రసాయనాల మీద వరసగా పరిశోధన పత్రాలు వెయ్యడం మొదలుపెట్టారు. మొదటిది ఈ రోసెల్లా మీదే. మరుసటి ఏడు అందులోంచే ఒక కొత్త పదార్థం తీసి మాంటాగ్నెటాల్ అని పేరు పెట్టారు. నేను ఎమ్మెస్సీ చదివిందీ అదే డిపార్ట్‌మెంట్‌లో. అప్పట్లో ఈ సంగతి నాకు ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు.

లాడ్జి గదిలో పేపరు పరిచి పొట్లం విప్పాను. ముడుచుకుపోయిన బూడిదరంగు రేకులు, అడుగున నల్లగా ఉన్నాయి. తుంపితే లోపల దూదిలాంటి తెల్ల పొర. పేరుకి పువ్వే గానీ ఇది పువ్వు కాదు, మొక్క కూడా కాదు. లైకెన్ అంటే ఒక శిలీంధ్రం (ఫంగస్), ఒక శైవలం (నాచు) కలిసి పెట్టిన కాపురం. ఇల్లు శిలీంధ్రానిది, వంట శైవలానిది. ఎండలో శైవలం వండిన చక్కెరతో శిలీంధ్రం తన అవసరాలు తీర్చుకోగా, మిగిలినదాంతో చిత్రమైన ఆమ్లాలు తయారుచేసి తన పోగుల మీద స్ఫటికాలుగా పేర్చుకుంటుంది. ఇలాంటి పదార్థాలు ఇప్పటికి వెయ్యికి పైగా తెలిశాయి. చాలావాటికి రంగే ఉండదు. రంగు రావాలంటే ఇంకేదో తగలాలి.

ఆ తగిలించే పద్ధతిని 1866లో విలియం నైలాండర్ అనే ఫిన్లాండ్ ఆయన మొదలుపెట్టాడు. లైకెన్ మీద ఒక చుక్క కాస్టిక్ పొటాష్ అనే క్షార ద్రావణం వేస్తే కే పరీక్ష, బ్లీచ్ చుక్క వేస్తే సీ పరీక్ష. మారిన రంగుని బట్టి లోపల ఏముందో చెప్పచ్చు. ఆయన చేసిన పనే నేనూ రేజరు బ్లేడుతో, ఇంక్ ఫిల్లరుతో చేశాను. రేకు పైపొర గీకి, తెల్ల పొర మీద బట్టలకి వాడే బ్లీచ్ ఒక చుక్క వేశాను. వేసీ వెయ్యగానే కుంకుమ రంగు! ఫోన్ తీసి కెమెరా తెరిచేలోపు పాలిపోయి మాయమైంది. ఇంకో ముక్క మీద వేస్తే అంతే, కన్ను మూసి తెరిచేలోపు వచ్చి పోయింది. లెకనోరిక్ ఆమ్లం ఉంటే ఇలాగే వస్తుంది. కొన్ని రేకులు మాత్రం బ్లీచ్‌కి ఉలకలేదు, పలకలేదు. వాటికి కాస్టిక్ చుక్క పెడితే ముందు పసుపై, నిమిషం తర్వాత ఇటుక ఎరుపుకి తిరిగాయి. అది సలజినిక్ ఆమ్లం పద్ధతి. అంటే మనం ఒకే సరుకు అనుకుని కొనే పొట్లంలో కనీసం రెండు రకాల లైకెన్లు కలిసి ఉన్నాయి. బిర్యానీకి ఆ తేడా పట్టదనుకుంటా.

రంగు తియ్యడానికి, కుంకుమ రంగు తిరిగిన రకాన్ని ఏరి, నలిపి, సీసాలో వేసి, ఒక వంతు అమ్మోనియా, రెండు వంతుల నీళ్లు పోశాను. సగం సీసా గాలికి వదిలాను. బ్లీచ్ సీసాని మాత్రం వేరే బ్యాగులో, వేరే గుడ్డలో చుట్టి పెట్టాను. అమ్మోనియా, బ్లీచ్ కలిస్తే వచ్చే గాలి ఊపిరితిత్తులకి చేటు. ఇంట్లో బాత్రూమ్ కడిగేటప్పుడు కూడా ఆ రెండూ కలపకండి.

రెండో రోజు, అంబాజీపేట దగ్గర

ధవళేశ్వరం, కడియం, రావులపాలెం. కడియపులంక నర్సరీల దగ్గర బస్సు ఆగినప్పుడు దిగాలనిపించింది గానీ దిగితే ఆ రోజు అక్కడే అయిపోతుంది. మధ్యాహ్నానికి పిన్ని వాళ్ల ఊరు చేరాను.

డెల్టాలో రాయి ఉండదు. గోదావరి తెచ్చి పోసిన ఒండ్రే అంతా. రాతిపువ్వుకి రాయి లేని చోట లైకెన్లు చెట్ల మీదే బతకాలి, ఇక్కడ చెట్టంటే కొబ్బరి చెట్టే. బాబాయి తోటలోకి అడుగు పెట్టగానే ప్రతి మాను మీదా తెల్లగా, బూడిదగా గుండ్రటి మచ్చలు. ధనుర్మాసం కదా, వీధిలో ముగ్గులు, తోటలో ఈ ముగ్గులు.

"అది తెగులు కాదా అమ్మాయ్?" అన్నాడు బాబాయి. కిందటేడు ఎవరో చెప్తే మైలుతుత్తం, సున్నం కలిపి మానులన్నిటికీ కొట్టించాడట. డబ్బులు పోయాయి, మచ్చలు చాలావరకు అలాగే ఉన్నాయి.

"దీనికి వేళ్లుండవు బాబాయ్. చెట్టులోంచి ఏమీ పీల్చదు. కూర్చోడానికి చోటు కావాలంతే."

"మరి తెల్లదోమ?"

"అది నిజంగా తెగులే."

కొమ్ము పురుగు, తెల్లదోమ, గానోడెర్మా తెగులు ఉండగా పాపం ఈ మచ్చల మీద పడ్డారు. లైకెన్ ఏడాదికి పెరిగేదే కొన్ని మిల్లీమీటర్లు. అరచేయంత మచ్చ ఉందంటే దాని వయసు ఎంతో మీరే లెక్క వేసుకోండి.

పెరట్లో మామిడి మాను మీద ఇంకో రకం కనబడింది. చిటికెడు పసుపు చల్లి వేలితో రాసినట్టు, నిమ్మపండు రంగు పొడి. పిన్ని అయితే పనిమనిషి పూజ చేసిందనుకుందట. చూడబోతే అది క్రైసోత్రిక్స్ జాతిది. ఆ పసుపు రంగు పల్వినిక్ ఆమ్లం కుటుంబానిది. ఈ కుటుంబంలోనే వల్పినిక్ ఆమ్లం అని ఒకటుంది, దాన్ని ఇచ్చే లైకెన్‌ని స్కాండినేవియా వాళ్లు మాంసంలో కలిపి తోడేళ్లకీ నక్కలకీ విషంగా పెట్టేవారు. పిన్నికి ఈ మాట చెప్పాక ఆ మాను వైపు వెళ్లడం మానేసింది, అనవసరంగా చెప్పాననిపించింది.

అసలు సంగతి రాత్రి జరిగింది. నా దగ్గర దొంగనోట్లు చూసే రకం అతినీలలోహిత టార్చి ఉంది. ఎనిమిదింటికి కరెంటు పోయింది. ఇంతకన్నా మంచి సమయం దొరకదని బాబాయిని లాక్కుని తోటలోకి వెళ్లాను. మంచు దిగుతోంది. కాలవ వైపు కప్పలు అరుస్తున్నాయి. మొదటి మాను మీద టార్చి వేశాను. పగలు బూడిద రంగులో నీరసంగా ఉన్న ముగ్గులు పసుపుపచ్చగా వెలుగుతున్నాయి! గుమ్మానికి పసుపు రాసి దీపం పెట్టినట్టు. పక్కన ఉన్న పాచి ముదురు ఎరుపు, పత్రహరితం ఆ వెలుగులో అలా ఎర్రగానే కనబడుతుంది. బాబాయి నోట మాట లేదు. కాసేపాగి, "ఇవన్నీ రోజూ ఇక్కడే ఉన్నాయా?" అన్నాడు.

ఈ వెలిగే లైకెన్ పేరు పిక్సైన్ కొకోస్. ఓలోఫ్ స్వార్ట్జ్ అనే స్వీడన్ శాస్త్రజ్ఞుడు 18వ శతాబ్దంలోనే దీనికి కొబ్బరి పేరు పెట్టాడు. పైపొరలో ఉండే లైకెక్సాంథోన్ అనే పదార్థం కంటికి కనబడని కిరణాలు మింగి పసుపు వెలుగు వదులుతుంది. ఎండ తీక్షణత నుంచి లోపలి శైవలాన్ని కాపాడే గొడుగు ఇదే కావచ్చని ఒక అభిప్రాయం.

చిత్రం ఏమిటంటే దాన్ని ఆనుకునే, అదే బూడిద రంగులో, అదే గుండ్రంగా ఉన్న ఇంకో మచ్చ అస్సలు వెలగలేదు. దాని మీద కాస్టిక్ చుక్క వేసి మామూలు టార్చితో చూస్తే పసుపు తిరిగింది. పైపొరలో అట్రనోరిన్ ఉన్నప్పుడు ఇలా అవుతుంది. వెలిగినదానికి చుక్క వేస్తే ఏమీ కాలేదు. ఒకదానికి వెలుగు కావాలి, ఒకదానికి క్షారం కావాలి. "పగలు రెండూ ఒకటే కదే!" అన్నాడు బాబాయి. తర్వాత టార్చి నా చేతికి ఇవ్వలేదు. పదిన్నర దాకా ఆయనే చెట్టు చెట్టుకీ తిరిగాడు.

మూడో రోజు, అంతర్వేది

రోసెల్లా వెతకాలంటే సముద్రపు గాలి కావాలి. రాజోలు మీదుగా సఖినేటిపల్లి, అక్కణ్ణుంచి అంతర్వేది. గోదావరి పాయ వశిష్ఠ సముద్రంలో కలిసే చోటు. మాఘమాసంలో కల్యాణానికి ఇసకేస్తే రాలదు గానీ ఇప్పుడు గుళ్లో పది మంది లేరు. స్వామి దర్శనం చేసుకుని సరుగుడు తోటల్లో పడ్డాను.

నేను వెతుకుతున్నది కొమ్మలకి బూడిదరంగు రిబ్బను ముక్కల్లా వేలాడుతుంది. నాలుగు గంటలు తిరిగాను. సరుగుడు, కొబ్బరి, తాడి, ఒక పాత రావి. ఎక్కడా లేదు. తిరుగుతుంటే ఏం పోయిందని ఇద్దరు అడిగారు. రంగు పోయింది అనలేను కదా.

అయితే ఒక వరస కొబ్బరి చెట్లకి ఉత్తరం వైపంతా తుప్పు పట్టినట్టు నారింజ రంగు. గుండె ఝల్లుమంది. నారింజ రంగు లైకెన్లలో పారియెటిన్ ఉంటుంది, కాస్టిక్ తగిలితే ఊదాకి తిరుగుతుంది. పుస్తకంలో చూడటమే తప్ప నా చేత్తో ఎప్పుడూ చెయ్యలేదు. ఫిల్లరు తీసి చుక్క వేశాను. ఊదా లేదు. ఇంకో చుక్క వేశాను. తడి నారింజే తప్ప మార్పు లేదు. లెన్సు పెట్టి చూస్తే మచ్చకి అంచూ లేదు, పొరా లేదు. నారింజ వెల్వెట్ గుడ్డలాగా సన్నటి పోగులు. ఇది లైకెన్ కాదు, ట్రెంటెపోలియా అనే శైవలం. జాతికి ఆకుపచ్చదే అయినా పచ్చదనం కనబడకుండా క్యారెట్‌లో ఉండే కెరోటిన్ కప్పుకుంటుంది. కోనసీమలో పాత గోడల మీద వానాకాలం కనబడే నారింజ పట్టు ఇదే. 2001లో కేరళలో ఎర్ర వాన పడితే దేశమంతా కంగారు పడింది కదా, దానికి కారణం ట్రెంటెపోలియా బీజాలేనని ప్రభుత్వం వేసిన అధ్యయనం తేల్చింది.

నిరాశలోనూ ఒక విషయం నచ్చింది. రోసెల్లాలో శిలీంధ్రంతో కాపురం చేసే శైవలం ఈ ట్రెంటెపోలియా జాతిదే. అంటే పెళ్లికూతురు ఇక్కడే ఉంది, పెళ్లికొడుకే కనబడలేదు.

ఒడ్డున కూర్చుని పులిహోర తింటూ సీసా బయటికి తీశాను. గాలి తగలకపోతే రంగు రాదని రోజుకి రెండు మూడు సార్లు మూత తీసి ఊపుతున్నాను. రెండు రోజులకి పల్చటి టీ రంగులో ఉంది. లోపల జరుగుతున్నది ఇది: అమ్మోనియా నీళ్లలో లెకనోరిక్ ఆమ్లం విరిగి ఆర్సెల్లినిక్ ఆమ్లం అవుతుంది, అది కార్బన్ డయాక్సైడ్ వదిలేసి ఆర్సినాల్ అవుతుంది, ఆర్సినాల్‌కి అమ్మోనియా, గాలిలోని ఆక్సిజన్ తోడైతే ఆర్సీన్ అనే ఊదా రంగు పుడుతుంది. యూరప్‌లో వందల ఏళ్లు ఇదే పద్ధతి. అమ్మోనియా సీసా దొరకని కాలంలో పులిసిన మూత్రం వాడేవారు. ఫ్లారెన్స్‌లో రుచెల్లాయ్ అనే వ్యాపార కుటుంబానికి ఆ ఇంటిపేరే ఈ రంగు నుంచి వచ్చిందంటారు. 1856లో ఇంగ్లండ్ కెమిస్టు పెర్కిన్ ప్రయోగశాలలో మావ్ అనే ఊదా రంగు చేశాక ఈ వ్యాపారం మెల్లగా చితికిపోయింది. ఆర్సీన్ మాత్రం డిగ్రీ కాలేజీ బోటనీ ల్యాబుల్లో ఇంకా బతికే ఉంది, ఉల్లి వేరు కొనలో క్రోమోజోములు చూడ్డానికి వాడే ఎసిటో ఆర్సీన్ ఇదే.

తిరుగు బస్సులో కొంప మునిగింది. ఎండకి వేడెక్కిన సీసాలో గాలి ఉబ్బి మూత ఎగిరిపోయింది. అమ్మోనియా వాసన బస్సంతా కొట్టింది. ముందు సీటు ముసలాయన ముక్కు మూసుకుని "ఏ పిల్లాడు పోశాడర్రా?" అని అరిచాడు. ఒడిలో పసివాణ్ణి పెట్టుకున్న తల్లి "మావాడు కాదండి" అని కళ్లనీళ్లు పెట్టుకుంది. అవి ఏడుపు నీళ్లో, అమ్మోనియా నీళ్లో తెలీదు. తప్పు నాదేనని ఒప్పుకుని, మూత బిగించి, తర్వాత స్టాపులో దిగిపోయాను. కండక్టరు పల్లెత్తు మాట అనలేదు, అదే ఇంకా సిగ్గుగా ఉంది. మిగిలిన దూరం ఆటోలో, సీసా చేత్తో బయటికి పట్టుకుని వచ్చాను. ఊరగాయ జాడీకైనా గాలి ఆడేలా గుడ్డ కడతాం. కెమిస్ట్రీ మేడమ్‌కి ఆ మాత్రం తట్టలేదు.

నాలుగో రోజు, ముక్తేశ్వరం రేవు, ద్రాక్షారామం

పిన్ని తీర్పు చెప్పేసింది. సీసా ప్రయాణం చెయ్యదు. పెరట్లో పశువుల పాక గోడ మీద ఉంటుంది, తానే రోజూ ఊపుతుంది. మూత్రం సంగతి విన్నాక మాత్రం ఊపేటప్పుడు ప్లాస్టిక్ కవరు తొడుక్కుంటానంది. బండారులంక నుంచి తెప్పించిన పట్టు పోగు ఒకటి ఆమె చేతికిచ్చి, రంగు ముదిరాక అందులో వెయ్యమన్నాను. లైకెన్ రంగు పట్టుకీ ఉన్నికీ అంటుకున్నట్టు నూలుకి అంటుకోదు.

ముక్తేశ్వరం రేవులో పంటు ఎక్కి గౌతమి దాటి కోటిపల్లిలో దిగాను. ద్రాక్షారామం భీమేశ్వరుడి గుడి డెల్టాలో అరుదుగా దొరికే రాతి కట్టడం, చాళుక్యుల నాటిది. ప్రాకారం మీద వర్తులాకారంలో తెలుపు, నలుపు, ఆకుపచ్చ మచ్చలు. ఇక్కడ ఫిల్లరు బయటికి తియ్యలేదు. శిలీంధ్రం వదిలే ఆక్సాలిక్ ఆమ్లం రాతిని ఎలాగూ తొలుస్తుంది, దానికి నా కాస్టిక్ తోడెందుకు? లెన్సుతో గోడకి ముక్కు ఆనించి చూస్తుంటే కాపలాయన వచ్చి "అది శాసనం కాదమ్మా, పాచి" అని జాలిగా చెప్పాడు.

అయిదో రోజు, కోరింగ

మడ అడవి చివరి ఆశ. కోరింగ అభయారణ్యం 1978లో ఏర్పడింది. లోపల ఏమీ కొయ్యకూడదు, చుక్కలు వెయ్యకూడదు, చూసి ఫోటో తీసుకోవడమే. చెక్క వంతెన బాట మీద నడుస్తుంటే కింద బురదలోంచి మడ చెట్ల ఊపిరి వేళ్లు వేలెత్తి చూపుతున్నట్టు నిలబడి ఉన్నాయి.

వెంట వచ్చిన పడవతను "ఏటి చూస్తున్నారండి?" అన్నాడు. చెట్టుకి వేలాడే బూడిదరంగు గడ్డంలాంటిది చూశావా అని అడిగాను. ఆలోచించి, "ఆయ్, చూళ్లేదండి. తిల్ల చెట్టు దగ్గరికి మాత్రం ఎల్లకండి, పాలు కంట్లో పడితే కళ్లు పోతాయి" అన్నాడు. రోసెల్లా అక్కడా దొరకలేదు.

దొరికింది వేరే. వంతెనకి చేరువగా ఉన్న ఒక మాను బెరడు మీద తెల్లటి పలచని పూత, దాని మీద నల్లటి గీతలు. వంకరలు, కొక్కేలు, ఒక చోట అచ్చం 'గ' లాగా. ఓనమాలు దిద్దే పిల్లాడి పలక చూసినట్టుంది. గ్రాఫిస్ జాతి లైకెన్ అయ్యుండాలి, ఆ గీతలు శిలీంధ్రం బీజాలు కాసే చోట్లు. ఇందులో కొన్ని రకాలకి నార్‌స్టిక్టిక్ ఆమ్లం ఉంటుంది. కాస్టిక్ తగిలితే మైక్రోస్కోపు కింద సూదుల్లాంటి ఎర్ర స్ఫటికాలు మొలుస్తాయి. ఈ చెట్టు మీదదానికి ఉందో లేదో అక్కడ తేల్చే దారి లేదు. పడవతను తన వేలితో గాల్లో ఆ 'గ' దిద్ది "మా అబ్బాయి కూడా ఇలాగే రాత్తాడండి" అన్నాడు.

సాయంత్రం కాకినాడలో విశాఖ రైలెక్కాను.

పిన్ని నాలుగైదు రోజులకోసారి ఫోన్ చేసి రంగు చెప్తోంది. మొదటివారం టీ, తర్వాత చింతపండు పులుసు, సంక్రాంతి ముందు బీట్రూట్. బాబాయి టార్చి కొనుక్కున్నాడట, పక్క తోటల వాళ్లని రాత్రిళ్లు పిలిచి మరీ చూపిస్తున్నాడట. మొన్న ఆదివారం ఫోన్లో పిన్ని గొంతు మారింది. "ఒసేయ్, వంకాయ రంగొచ్చిందే! పట్టు పోగు వేసి తీశాను, కడిగినా పోవట్లా." లిట్మస్ అమ్మాయికి చూపించాలి, జాగ్రత్తగా పెట్టమన్నాను.

"పోగు పెడతాలే. ఆ కంపు సీసా మాత్రం ఎప్పుడు పట్టికెళ్తావ్?"